థార్విల్ అనే మాటకు మూడు చీటీలు

లాండ్రీ వెనక గది
జనవరి 12

అక్కా,

కోపంగా ఉన్నాను కాబట్టి ఈసారి క్షేమసమాచారాలు ఉండవు. బతికే ఉన్నాను. చాలు.

పోయిన ఉత్తరంలో నువ్వు పంపిన మాట ఇక్కడ బాగా చెల్లుతోంది. గ్రోక్. ఎదుటివాళ్ళు తింటుంటే మనకూ పెడతారేమోనని నోరెత్తకుండా చూస్తూ ఉండటం. మా సూపర్‌వైజర్‌కు అచ్చు కొలతలు తీసి కుట్టినట్టుంది. మా మడతల బల్ల పెద్దమ్మ మధ్యాహ్నం అన్నం డబ్బా మూత తీస్తే చాలు, గోడమీద లేని గడియారం చూస్తూ నిలబడతాడు. "గ్రోకుతున్నాడు" అని పిచ్చుక చెవిలో చెప్పాను. అది నవ్వు ఆపుకోలేక దగ్గింది. నేను ఇంగ్లీషులో తప్పిన రోజున ఉత్తరానికో వింత మాట పంపుతానన్నావు. ఏడేళ్ళయింది. ఒక్క ఉత్తరం కూడా ఖాళీగా రాలేదు. మాట మీద నిలబడే మనిషివి మన ఇంట్లో నువ్వొక్కదానివే.

పిచ్చుక ఎవరంటావేమో. రోలర్ దగ్గర తడి దుప్పట్లు అందించే అమ్మాయి. పద్దెనిమిది నిండాయో లేదో. ఆ రోలర్ నిలువెత్తు ఇనుప డోలు, లోపలంతా ఆవిరి. దుప్పటి అంచు రెండు చేతులతో పట్టుకుని దాని నోటికి పెట్టాలి, అది లాక్కుంటుంది. ఆ నోటి ముందు అడ్డంగా ఒక కమ్మి ఉండేది. వేలు తగిలితే చాలు, డోలు ఠక్కున ఆగేది. "ఉండేది" అని ఎందుకు రాశానో అర్థమైందా? గురువారం ఆ కమ్మి విప్పేశారు! రోజుకు నలభైసార్లు ఊరికే ఆగిపోతోందట, దుప్పట్లు ఆలస్యమవుతున్నాయట. యజమాని తన ఊరు నుంచి కబురు పెట్టాడు, సూపర్‌వైజర్ నాలుగు బోల్టులూ విప్పించాడు. పిచ్చుక వేళ్ళకూ ఆవిరికీ మధ్య ఇప్పుడున్నది దుప్పటి ఒక్కటే.

నేను సూపర్‌వైజర్‌తో గొడవపడ్డాను. "పుస్తకాలు చదివి పాడయ్యావురా" అన్నాడు. పుస్తకాలు కావు, పదహారు పేజీల కరపత్రాలు అన్నాను. నీ చీటీల పెట్టెలో ఇలాంటివాణ్ణి ఏమంటారో ఉంటే పంపు.

నీ తమ్ముడు


నిఘంటువు కార్యాలయం, మేడమీద గది
జనవరి 21

ఒరేయ్ అగ్గిపుల్లా,

నీ ఉత్తరం విప్పితే వేళ్ళు కాలాయి. కమ్మి సంగతి చదివి నాకూ ఒళ్ళు మండింది. కానీ మండటం వేరు, అంటించడం వేరు. కార్మికశాఖ ఇన్‌స్పెక్టర్‌కు అర్జీ రాయండి, అందరి సంతకాలతో. నీ కరపత్రాల భాష వద్దు నాన్నా. "రక్తపిపాసి" అని రాస్తే ఆయన నవ్వుతాడు. "నాలుగు బోల్టులు" అని రాస్తే లేచి వస్తాడు.

నువ్వడిగిన మాట: అల్ట్రాక్రెపిడేరియన్. తనకు తెలియని పనిలో వేలుపెట్టి తీర్పులు చెప్పేవాడు. పూర్వం ఒక చెప్పులు కుట్టేవాడు బొమ్మలో చెప్పు తప్పుగా ఉందని చెబితే చిత్రకారుడు దిద్దుకున్నాడట. ఆ ధైర్యంతో కాలు కూడా బాలేదన్నాడట. "చెప్పు దాటి పైకి రాకు" అన్నాడట చిత్రకారుడు. మీ సూపర్‌వైజర్ పైకి ఎక్కాడో, నువ్వు ఎక్కావో ఆలోచించుకో.

ఇక్కడ మా సంపాదకులు గారు ఎప్పటిలాగే. మాటకు మూడు చీటీలు ఉండాలి. మూడు వేర్వేరు చేతులు ఆ మాటను నిజంగా వాడినట్టు, ఎవరు, ఎప్పుడు, ఏ వాక్యంలో. రెండే ఉంటే దేవుడు సిఫారసు చేసినా మా ఇంగ్లీషు నిఘంటువులోకి రాదు. నిన్న ఆయన రాసిన అర్థం ఒకటి తప్పని చూపించాను. "ముప్పై ఏళ్ళుగా ఇలాగే అంటున్నానమ్మా" అన్నారు. తప్పని చూపించినా తన తప్పునే పట్టుకుని వేలాడేవాణ్ణి మంప్సిమస్ అంటారు. ఆ చీటీ తీసి ఆయన చేతికే ఇచ్చాను. శ్రద్ధగా చదివి, "బాగుంది, మూడూ ఉన్నాయి" అని పెట్టెలో వేసేశారు!

ఈ ఉత్తరానికి ఇంకో మాట కూడా. థార్విల్. ఎప్పుడూ మోగుతూ ఉండి, మనం వినడం మానేసిన యంత్రం ఒక్కసారిగా ఆగిపోయినప్పుడు చెవుల్లో పడే నిశ్శబ్దం. మా కింద అచ్చుయంత్రం ఆగినప్పుడల్లా వింటాను. నాకు చాలా ఇష్టమైన మాట. ఇంకా అచ్చు కాలేదు, నీ దగ్గరే ఉంచుకో.

అక్క


లాండ్రీ వెనక గది
ఫిబ్రవరి 9

అక్కా,

అర్జీ రాశాను. నాలుగు బోల్టులు అనే రాశాను. పదిహేను రోజులయింది, ఇన్‌స్పెక్టర్ కాదు కదా, ఆయన చెప్పుల చప్పుడు కూడా లేదు. సంతకాలు ఎన్ని వచ్చాయో తెలుసా? రెండు. నాదీ, పెద్దమ్మదీ. పెద్దమ్మ ఇరవై రెండేళ్ళుగా మడతల బల్ల దగ్గర ఉంది, పోయేదేమీ లేదంటుంది. మిగతావాళ్ళకు పిల్లలున్నారు, అద్దెలున్నాయి, భయాలున్నాయి.

అందుకని నేను రాశాను. కరపత్రం! ఎడమచేత్తో, పెద్ద అక్షరాలతో, కార్బన్ పెట్టి పన్నెండు కాపీలు. సంతకం లేదు. సబ్బు గదిలో, బాయిలర్ తలుపు మీద, సూపర్‌వైజర్ కుర్చీ కింద కూడా అంటించాను. చివరి వాక్యం వినిపిస్తాను, గర్వంగా ఉంది: "నెలాఖరులోగా కమ్మి బిగించకపోతే, థార్విల్ అంటే ఏమిటో ఈ లాండ్రీకి వినిపిస్తాం."

ఎంత పనిచేసిందనుకున్నావు! ఎవరికీ అర్థం తెలియదు, అందరి నోటా అదే. "థార్విల్ అంటే బాంబేమో" అన్నాడు సూపర్‌వైజర్, ముఖం పాలిపోయింది. నేను పిచ్చుకకు, పెద్దమ్మకు రహస్యంగా అర్థం చెప్పాను. పెద్దమ్మ మడుస్తున్న దుప్పటి వదిలేసింది. "కరెంటు పోయినప్పుడు వస్తుందే, అదా? దానికీ పేరుందా?" అంది.

యజమాని స్వయంగా వచ్చాడు. ఒక కాపీ మడిచి జేబులో పెట్టుకుని, రాసినవాణ్ణి పట్టిస్తే బహుమతి అని చెప్పి వెళ్ళాడు. ఎవరో ఇంగ్లీషు పండితుడికి చూపిస్తాడట. చూపించనీ!

నువ్వేమో అక్కడ చీటీలు పేర్చుకుంటూ కూర్చో. నువ్వే పంపిన మాటొకటి నీకు తిరిగి పంపిస్తున్నాను: వెలీయిటీ. చెయ్యాలని ఉంటుంది, చెయ్యి మాత్రం లేవదు, అలాంటి కోరిక. ఒళ్ళు మండిందన్నావు కదా. పొగ కూడా రాలేదు.

నీ తమ్ముడు


నిఘంటువు కార్యాలయం
ఫిబ్రవరి 14

తమ్ముడూ,

ఇది చదివిన వెంటనే నా ఉత్తరాలన్నీ బాయిలర్‌లో వెయ్యి. ఇది కూడా.

ఈ ఊళ్ళో ఇంగ్లీషు మాటలకు పండితులు ఒక్కరే, మా సంపాదకులు గారు. మీ యజమాని ఉండేది కూడా ఈ ఊళ్ళోనే. నిన్న మధ్యాహ్నం ఆయన మా మెట్లెక్కి వచ్చాడు. నీ కాగితం మా సంపాదకులు గారి బల్లమీద పరిచాడు. "ఈ మాటకు అర్థం కావాలండి. పోలీసులకు ఇవ్వబోయే ముందు తెలుసుకుందామని" అన్నాడు. నీ ఎడమచేతి అక్షరాలు తలకిందులుగా చూసి కూడా గుర్తుపట్టాను.

ఇప్పుడు నేను నీకు చెప్పకుండా దాచింది చెప్పాలి. థార్విల్ ఇంగ్లీషు మాట కాదు. ఏ భాషలోనూ లేదు. నేను పుట్టించాను.

నిఘంటువులు చేసేవాళ్ళలో ఒక పద్ధతి ఉంది. ఎవరైనా మన పుస్తకాన్ని దొంగతనంగా ఎత్తి రాసి అచ్చేసుకుంటే పట్టుకోవడానికి, వేల మాటల మధ్య లేని మాట ఒకటి నాటుతారు. అది ఎవడి పుస్తకంలో కనిపిస్తే వాడే దొంగ. మా పుస్తకానికి ఆ మాట చేసే పని సంపాదకులు గారు నాకు అప్పజెప్పారు. పదకొండేళ్ళలో ఆయన నాకు సొంతంగా ఇచ్చిన పని అదొక్కటే. లోకంలో ఆ మాట తెలిసింది ఇద్దరికే. అది చేసిన రోజు ఎంత సంతోషపడ్డానంటే, ఎవరికో ఒకరికి చెప్పకుండా ఉండలేకపోయాను. ఎవరికో అంటే నీకు. అది దొంగమాటని మాత్రం చెప్పలేదు. చెబితే నువ్వు నవ్వుతావనుకున్నాను.

సంపాదకులు గారు కాగితం చదివారు. కళ్ళజోడు తీసి తుడిచారు. ఆయనతో, "పుస్తకాలు వెతకాలండి, శుక్రవారం రండి" అన్నారు. ఆయన మెట్లు దిగాక నా వైపు తిరిగారు. "ఈ మాట తెలిసింది మనిద్దరికే. నేను రాయలేదు. ఎవరికి చెప్పావమ్మా?"

జవాబు చెప్పడానికి శుక్రవారం దాకా గడువు ఇచ్చారు.

నువ్వు ఏమీ చెయ్యకు. దయచేసి ఏమీ చెయ్యకు.

అక్క


లాండ్రీ వెనక గది
ఫిబ్రవరి 16

అక్కా,

దొంగమాట!

నా జన్మలో రాసిన ఒకే ఒక్క నిజమైన కాగితం కింద నువ్వు దొంగమాట పెట్టించావు. పన్నెండు కాపీలు రాసేటప్పుడు వేళ్ళు వాచిపోయాయి, తెలుసా? ప్రతి అక్షరం నిజం, చివరి మాట తప్ప. ఇంతకంటే నాకు ఉత్తరమే రాయకుండా ఉండాల్సింది. ఏడేళ్ళుగా నువ్వు పంపిన మిగతావి ఎన్ని అబద్ధాలు? గ్రోక్ అబద్ధమా? వెలీయిటీ అబద్ధమా? పెద్దమ్మ నిన్న ఆ మాట మళ్ళీ చెప్పించుకుంది. ఆవిడ ముఖం ఎలా చూడను?

నా పేరు చెప్పెయ్. నీ ఉద్యోగం ఎందుకు పోవాలి? చీటీల మధ్య చల్లగా ఉండు. నేను మాత్రం శుక్రవారం దాకా ఆగను. మెకానిక్ పెట్టెలో రెండడుగుల పానా ఉంది. ఆ డోలు దవడ పగలగొడతాను, ఆ తర్వాత ఎవడు ఏం రాశాడో ఎవడూ అడగడు.

ఇది రాస్తుండగా మధ్యలో లేచి వెళ్ళాను. ఇప్పుడు మళ్ళీ కూర్చున్నాను.

పిచ్చుక వేడికి చేతికి చుట్టుకున్న గుడ్డ రోలర్‌లో పడింది. చేతిని డోలు నోటి దాకా లాక్కుంది. పెద్దమ్మ మడతల బల్ల మీంచి కత్తెర పట్టుకుని దూకి గుడ్డను కత్తిరించింది. అరవై ఏళ్ళ మనిషి, ఎలా దూకిందో! రెండు వేళ్ళ చివర చర్మం కాలింది, అంతే. అంతే అంటున్నాను చూశావా, మనం ఎంత తొందరగా అలవాటుపడతామో. కేక వేసిన పిచ్చుక కట్టు కట్టించుకుని మళ్ళీ వచ్చి దుప్పటి అందుకుంది. రోలర్ మాత్రం ఒక్క క్షణం కూడా ఆగలేదు.

ఇన్‌స్పెక్టర్ రాలేదు.

నీ తమ్ముడు


ఇంటి నుంచి
ఫిబ్రవరి 19

అగ్గిపుల్లా,

పానా పెట్టెలో పెట్టెయ్. ముందు అది చేసి తర్వాత చదువు.

శుక్రవారం మీ యజమాని వచ్చాడు. సంపాదకులు గారు నా వైపు చూశారు. రాత్రంతా ఒక్కటే వాక్యం సిద్ధం చేసుకున్నాను. అదే చెప్పాను.

"ఆ కాగితం రాసింది నేనండి."

"మీరా? మీకూ నా లాండ్రీకీ ఏం సంబంధం?"

"మాట నాది. దాన్ని పుట్టించిందే నేను, కావాలంటే వీరిని అడగండి. బయటి మనిషి చేత అంటించాను, ఎవరో చెప్పను."

"పోలీసులు చెప్పిస్తారు."

"పిలవండి. వచ్చీరాగానే వాళ్ళడిగే మొదటి ప్రశ్న, ఆ కమ్మి ఎందుకు తీశారని. కాలిన అమ్మాయి చెయ్యి కూడా చూస్తారు."

నీ ఉత్తరం ఆ పొద్దున్నే అందింది. ఆ మాట అనగలిగింది అందుకే. ఆయన కాగితం మడుస్తూ ఉండిపోయాడు. పోలీసుల మాట మళ్ళీ ఎత్తలేదు. "ఈవిడ ఇక్కడ ఉండటానికి వీల్లేదు" అని సంపాదకులు గారికి చెప్పి వెళ్ళిపోయాడు.

సంపాదకులు గారు అబద్ధం నమ్మలేదని నాకు తెలుసు. పదకొండేళ్ళుగా నా చేతిరాత చూస్తున్న మనిషి. కానీ రహస్యం దాటించింది నేనే, అది అబద్ధం కాదు. "నియమం నియమమేనమ్మా" అన్నారు. నా పెట్టె తాళం బల్లమీద పెట్టి వచ్చేశాను. 'వి' అక్షరం దగ్గర ఉన్నాం. వెలీయిటీ మొన్ననే దాటాం. దాన్ని నా పేరు పక్కనుంచి కొట్టేసుకో.

ఇప్పుడు విను. రాసినవాళ్ళు బయటివాళ్ళని ఆయన నమ్ముతున్నాడు. లోపల ఎవరిమీదా కన్ను లేదు. ఆ ధైర్యాన్ని పానాకు ఖర్చు పెట్టకు. నెలాఖరుకు ఇంకా రోజులున్నాయి.

ఇంకొకటి. గ్రోక్ నిజం. మంప్సిమస్ నిజం. పంపినవన్నీ నిజం, ఒక్కటి తప్ప. ఆ ఒక్కటి కూడా, మాట అబద్ధమే కానీ అర్థం నేను చెవులారా విన్నది.

అక్క


బస్టాండు బల్లమీద
ఫిబ్రవరి 28

అక్కా,

నీ ఉత్తరం చదివి పానా పెట్టలేదు. తీసుకున్నాను. నేను నీ అంత మంచివాణ్ణి కాను. నా కోసం నీ ఉద్యోగం పోయిందన్న మాట తలలో రోలర్‌లా తిరుగుతోంది. ఈ పొద్దున చొక్కా కింద దాచుకుని వెళ్ళాను.

పెద్దమ్మ చూసేసింది. "ఏంట్రా ఆ నడుం, కొయ్య మింగావా?" అంటూ లాక్కుంది. "ఇది పగిలితే రేపు దుప్పట్లు ఎవరు ఇస్త్రీ చేస్తారు, నీ కరపత్రమా? కొత్త డోలు వస్తుంది, దానికీ కమ్మి ఉండదు." నీ సంగతంతా ఆవిడకు చెప్పేశాను. దొంగమాట సంగతి కూడా. తిడుతుందనుకున్నాను. "మీ అక్క పుట్టించిందా? మాటన్నాక ఎవరో ఒకరు పుట్టించాలి కదరా" అంది.

ఈ రోజే గడువు కదా, యజమాని పదింటికి వస్తానని కబురు పెట్టాడు. పదింటికి పెద్దమ్మ గోడ దగ్గరకు నడిచి స్విచ్చు కిందికి లాగేసింది. ఎవరితోనూ చెప్పలేదు, నాతో కూడా.

అక్కా, నువ్వు రాసినట్టే ఉంది. ముందు డోలు ఆగింది, తర్వాత బెల్టు, తర్వాత పైన ఫ్యాను. ఆవిరి ఒక్కసారి నిట్టూర్చింది. ఆ తర్వాత చెవుల్లో ఏదో బరువు దించినట్టు. ఎక్కడో కుళాయి కారడం వినిపించింది. ఈ గదిలో కుళాయి కారుతోందని నాకు మూడేళ్ళుగా తెలియదు! పిచ్చుక కట్టున్న చెయ్యి ఎత్తి మెల్లగా అంది: "ఇదేనా థార్విల్?"

సంతకానికి రానివాళ్ళంతా చేతులు వెనక్కి కట్టుకుని నిలబడ్డారు. ఒక్కడూ నినాదం ఇవ్వలేదు. నాకు నాలుగు తెలుసు, ఒక్కటీ నోటికి రాలేదు. యజమాని లోపలికి వచ్చి "ఎవరు ఆపారు?" అని అరిచాడు. ఆ నిశ్శబ్దంలో తన గొంతుకే తను ఉలిక్కిపడ్డాడు.

ముందుకు వచ్చాను. "కాగితం రాసింది నేను. మా అక్క కాదు. మాట ఒక్కటే ఆవిడది" అన్నాను.

"బయటికి పో" అన్నాడు.

"పోతాడు లెండి" అంది పెద్దమ్మ. "కమ్మి బిగించాక పోతాడు. పానా ఇదిగో, నా దగ్గరే ఉంది."

గంటా పది నిమిషాలు నిలబడ్డాం. తడి దుప్పట్లు గుట్టలుగా చల్లారిపోయాయి. చివరికి సూపర్‌వైజర్ మెట్ల కింద నుంచి గోనె చుట్టిన కమ్మి తెచ్చాడు. నాలుగు బోల్టులూ నేనే బిగించాను, పెద్దమ్మ స్విచ్చు పైకెత్తింది. పిచ్చుక మంచి చేతి వేలితో తాకి చూసింది. డోలు ఠక్కున ఆగింది. మళ్ళీ తాకింది. మళ్ళీ ఆగింది. దానికి నవ్వొచ్చింది.

తర్వాత నేను పోయాను. ఇప్పుడు మీ ఊరి బస్సు కోసం కూర్చున్నాను. మన ఇంట్లో ఇద్దరికీ పని లేదు, ముందే చెబుతున్నాను, నేను ఎక్కువ తింటాను. గ్రోకకు.

దీంతో మూడు చీటీలు పెడుతున్నాను. మీ పద్ధతిలోనే రాయించాను. మూడు వేర్వేరు చేతులు.

ఒకటి. రోలర్ దగ్గర అమ్మాయి, ఎడమచేతి రాత: "ఈ రోజు మా పనిలో థార్విల్ వచ్చింది, నా చేతి నొప్పి కూడా వినిపించింది."

రెండు. పెద్దమ్మ, కూడబలుక్కుని రాసింది: "థార్విల్‌లో కుళాయి కారుతోందని తెలిసింది. బాగు చేయించాలి."

మూడు. లాండ్రీ గోడమీద మధ్యాహ్నం అంటించిన నోటీసు, యజమాని సంతకం, ముద్ర సహా. నేనే పీకి తెచ్చాను: "ఇకమీదట యాజమాన్యం అనుమతి లేకుండా పనివారెవరూ థార్విల్ చేయరాదు."

నీ తమ్ముడు


ఇంటి నుంచి
ఏప్రిల్ 3

పెద్దమ్మ గారికి, పిచ్చుకకు,

నమస్కారం. నేను మీ అగ్గిపుల్ల అక్కను. వాడు ఇక్కడ సైకిల్ షాపులో చేరాడు. యజమానితో అప్పుడే రెండుసార్లు గొడవపడ్డాడు. ఈ ఉత్తరం నన్నే రాయమన్నాడు, తను రాస్తే కరపత్రమైపోతుందట.

మీ చీటీలు తీసుకుని సంపాదకులు గారి దగ్గరకు వెళ్ళాను. గుమ్మంలోనే నిలబెట్టారు. మూడూ చదివారు. నోటీసును వెలుతురుకు పట్టి ముద్ర చూశారు. "మూడు చేతులు. తేదీలున్నాయి. ఒకటి ముద్ర వేసిన కాగితం" అన్నారు. మూడూ మళ్ళీ చదివి అన్నారు: "నలుగురూ వాడుతున్న మాట ఇక ఉచ్చుగా పనికిరాదమ్మా. తీసెయ్యాలి."

వెళ్ళడానికి తిరగబోయాను.

ఆయన ఇంగ్లీషు పెట్టెలోంచి థార్విల్ చీటీ తీశారు. ఎర్ర పెన్సిల్‌తో నేను పెట్టిన దొంగగుర్తు రబ్బరుతో చెరిపారు. ఆ నాలుగు కాగితాలూ కలిపి దారం కట్టారు. నేను పదకొండేళ్ళలో ఎప్పుడూ తెరవని పక్క బీరువా తెరిచారు. ఏం చేస్తున్నారండీ అని అడిగాను.

"వాక్యాలన్నీ చూశావా?" అన్నారు. "ఒక్క ఇంగ్లీషువాడు కూడా వాడలేదు. ఇది తెలుగు మాట."